చివరి పంక్తిలో పేరు

దోన్యా కసిల్దాకి తొంభై ఒకటో ఏట పొద్దున్నే కావలసినవి రెండే. పాలకాఫీలో ముంచిన బిస్కెట్లు, పేపర్లో చావు ప్రకటనలు. బిస్కెట్లు నానాలి గాని విరిగి కప్పులో పడకూడదు. ప్రకటనలు ఆవిడకి వినబడాలి గాని పక్క వాటా వాళ్ళకి వినబడకూడదు. ఈ రెండు పనులూ మూడేళ్లుగా సుయాపావే.

నది వైపు అద్దాల వరండాలో పడక్కుర్చీ, ఒళ్ళో ఉన్ని దుప్పటి, పక్కన పీట మీద పేపరు పట్టుకుని సుయాపా. స్పెయిన్‌లోని ఈ బూర్గోస్‌లో ఫిబ్రవరి ఎండ ఆ అద్దాల వెనక కూర్చున్నంతసేపే ఎండ. బయటికెళితే ముక్కు ఊడి చేతిలోకి వస్తుంది.

"ఎవరు పోయారివాళ?"

"దోన్ లెయాంద్రో, నోటరీ గారు. ఎనభై ఎనిమిదేళ్ళు. భార్య, ఆరుగురు పిల్లలు, పధ్నాలుగుమంది మనవలు..."

"వాళ్ళ గోల నాకెందుకు? చివర చూడు. పనిమనిషిని వేశారా?"

"లేదమ్మగారూ."

"నాకు తెలుసు. ఆ ఇంట్లో మొదట్నించీ అంతే. వాళ్ళ సూపులో కూడా నీళ్ళే. ఊఁ, తర్వాత?"

ఈ ఊళ్ళో పెద్ద కుటుంబాల వాళ్ళు పోతే పేపర్లో వేసే ప్రకటనకి ఒక వరస ఉంది. పైన శిలువ, దాని కింద పోయినవారి పేరు, ఆ కింద కొడుకులు, కూతుళ్ళు, కోడళ్ళు, అల్లుళ్ళు, మనవలు. అందరికన్నా కింద, ఆ ఇంటివాళ్ళకి మనసుంటే, ఇంట్లో చాకిరీ చేసిన మనిషి. 'ఆయన నమ్మకస్తురాలు ఫలానా' అని వేస్తారు. ఇంటిపేరు వెయ్యరు. ఇక్కడ కుక్కలకీ అదే మాట వాడతారు, అది వేరే సంగతి. దోన్యా కసిల్దా మాత్రం ఆ చివరి పంక్తిని బట్టే ఒక్కో ఇంటికీ మార్కులు వేసేది.

"నేను పోయినప్పుడు నిన్ను వేయిస్తాను పిల్లా. బ్లాంకాకి చెప్పి ఉంచాను. ఆమె నమ్మకస్తురాలు ఫెలీసా అని, నల్లగా, లావుగా."

ఫెలీసా అంటే సుయాపాయే. పనిలో చేరిన రోజున ఆవిడ పేరడిగింది, సుయాపా చెప్పింది. హోండురాస్‌లో అది మేరీమాత పేరు, వీధికి నలుగురుంటారు. దోన్యా కసిల్దా ఆ పేరుని నోట్లో వేసుకుని ఒకసారి నమిలి చూసి పక్కన పెట్టేసింది. "నా వల్ల కాదు పిల్లా. నా పెళ్ళయినప్పుడు వచ్చినమ్మాయి ఫెలీసా. అప్పట్నించీ ఈ ఇంట్లో పనిమనిషంటే ఫెలీసాయే. నువ్వేం అనుకోకు," అంది. సుయాపా ఏమీ అనుకోలేదు. మాద్రిద్‌లో విమానం దిగి అప్పటికి పదకొండు రోజులు. పని దొరికింది, పడుకోడానికి వంటింటి పక్కన గది దొరికింది. ఆ గది బల్ల సొరుగులో ఎవరో మర్చిపోయిన నీలిరాయి జడపిన్ను కూడా దొరికింది. పేరుదేముంది, పిలిచినప్పుడు పలికితే సరిపోతుంది కదా అనుకుంది.

ఆ తర్వాత ఆవిడ కూతురు బ్లాంకా ఫెలీసా అంది. మందుల షాపామె ఫెలీసా అంది. రొట్టెల కొట్టు, చర్చి, ఎదురు వాటా కల్నల్ గారు, అందరికీ ఫెలీసాయే. ఫెలీసా అననిది ఫోన్లో కూతురొక్కతే. అది కూడా అమ్మా అనే పిలుస్తుంది కాబట్టి, నిజం చెప్పాలంటే, ఆ పేరుని నోరారా పలికేవాళ్ళే లేరు.

ఆ మూడేళ్లలోనే ఉంది సుయాపా ప్రాణమంతా. కాగితాల్లేకుండా వచ్చిన మనిషి మూడేళ్లు ఆగకుండా ఇక్కడే ఉన్నట్టు చూపిస్తే ఉండనిచ్చే కాగితానికి దరఖాస్తు పెట్టుకోవచ్చు. ఉన్నట్టు చూపించేది మునిసిపాలిటీ రిజిస్టరు. ఫలానా వీధి, ఫలానా వాటా, ఫలానా తేదీ నుంచి అని అందులో పేరుండాలి. ఆ కాగితం వస్తే దర్జాగా విమానమెక్కి తన ఊరు దన్లీ వెళ్ళి కూతురు కెయ్లీని చూసి మళ్ళీ రావచ్చు. అది లేకుండా వెళితే తలుపు వెనక మూసుకుంటుంది. వచ్చేటప్పుడు కెయ్లీకి ఆరేళ్ళు. ఇప్పుడు తొమ్మిది. దాని పాలపళ్ళన్నీ ఫోన్లోనే ఊడిపోయాయి.

చేరిన మొదటి వారంలోనే బ్లాంకా ఒక ఫారం తెచ్చింది. సుయాపా వంటింటి బల్ల మీద పెట్టి సంతకం చేసింది. బ్లాంకా దాన్ని మడిచి తన తోలు సంచీలో పెట్టుకోవడం సుయాపా కళ్ళారా చూసింది. "రిజిస్టర్లో ఎక్కించేశాను, నిశ్చింతగా ఉండు," అని తర్వాత మూడుసార్లు అడిగితే మూడుసార్లూ చెప్పింది. వెళ్ళి చూసుకుందామంటే సుయాపాకి సెలవు గురువారం మధ్యాహ్నం, ఆదివారం. ఈ ఊళ్ళో పనిమనుషులకి తాతల కాలం నుంచీ అవే సెలవులు. మునిసిపాలిటీ రెండింటికి మూసేస్తారు.

ఈ గురువారానికి మూడేళ్లు నిండుతాయి. గమోనాల్ పేటలో చర్చి పక్క గదిలో ఇలాంటి కాగితాలు రాసిపెట్టే ఎంకార్నా ఆ రోజే రమ్మంది. ఎంకార్నా బిస్కెట్ ఫ్యాక్టరీలో నలభై ఏళ్లు పనిచేసి రిటైరైన మనిషి. నోరు పెద్దది. అంతకన్నా పెద్దది మనసు.

మంగళవారం పొద్దున్న సుయాపా గొంతు సవరించుకుని చదువుతోంది. "దోన్యా ఎయుసేబియా, తొంభై నాలుగు. పిల్లల్లేరు. అక్కచెల్లెళ్ళ పిల్లలు... ఆఁ, ఇదిగో అమ్మగారూ, చివర వేశారు. ఆమె నమ్మకస్తురాలు బెనీతా అని."

మార్కులు పడతాయని ఎదురుచూసింది. ఆవిడ చెయ్యి కప్పు మీద ఉంది. వేళ్ళ మధ్య బిస్కెట్ సగం కాఫీలో ఉంది. కాసేపటికి ఆ సగం విరిగి కప్పులో పడింది. దోన్యా కసిల్దా తిట్టలేదు.

సుయాపాకి అప్పుడు తెలిసింది. పేపరు ఒళ్ళోంచి జారిపోయింది. మూడేళ్లుగా రోజూ చావులే చదివింది గాని, చావు ఇంత చప్పుడు లేకుండా పక్కన కూర్చుంటుందని ఆమెకి తెలియదు. "అమ్మగారూ, అమ్మగారూ" అంటూ చేతులు రుద్దుతూనే ఉంది, చేతులు చల్లబడుతూనే ఉన్నాయి.

బ్లాంకా పరుగున వచ్చింది, డాక్టరు వచ్చి రాసిచ్చి వెళ్ళాడు. సుయాపా ఆవిడ ఒళ్ళు తుడిచి, తల దువ్వి, ముత్యాల దండ వేసింది. అదంతా చూస్తూ బ్లాంకా ఆమెని కావలించుకుని బావురుమంది. అరవై దాటిన మనిషి, పెద్ద స్కూల్లో హెడ్మిస్ట్రెస్‌గా చేసిన మనిషి, చిన్నపిల్లలా ఏడ్చింది. సుయాపా కూడా ఏడ్చింది. దొంగ ఏడుపు కాదు, ఇద్దరివీ నిజం ఏడుపులే.

"మా అమ్మ నీ చేతుల్లో పోయింది, అదృష్టవంతురాలు. నువ్వు మాకు ఇంటి మనిషి లాంటిదానివి."

శవపేటిక మనుషులు ఆవిడని తీసుకెళ్ళి పది నిమిషాలు కాలేదు. బ్లాంకా ముక్కు తుడుచుకుని సొరుగులు తెరుస్తూ అంది, "ఫెలీసా, రేపు పొద్దున్న తాళాలు మార్చేవాడు వస్తున్నాడు. నీ మీద అనుమానం కాదు సుమా, ఇన్సూరెన్స్ వాళ్ళు అడుగుతారట. సాయంత్రంలోపు నీ సామాన్లు సర్దుకుంటే బాగుంటుంది."

సుయాపాకి ముందు అర్థం కాలేదు. "ఈ సాయంత్రమా?"

"మీవాళ్ళు చాలామంది ఉన్నారు కదా ఊళ్ళో."

ఆవిడ కాఫీ కప్పు కడిగి ఇంకా తడి ఆరలేదు. వెళ్ళాల్సి వస్తుందని తెలుసు. ఈవేళే అని తెలియదు. కానీ ఇంత దుఃఖంలో ఉన్న మనిషితో వాదించడం ఏం మర్యాద అనుకుంది. ఒక్కటే అడిగింది, "సెన్యోరా, గురువారం నా కాగితాల పని ఉంది. రిజిస్టరు సర్టిఫికెట్ కావాలి."

బ్లాంకా తల ఎత్తలేదు. "మునిసిపాలిటీలో అడిగితే ఇస్తారు. రెండింటిదాకా ఉంటారు." తల ఎత్తలేదన్న సంగతి సుయాపాకి మెట్లు దిగాక గాని తట్టలేదు.

కౌంటర్లో గళ్ళ స్వెటర్ కుర్రాడు మర్యాదగానే ఉన్నాడు. పాస్‌పోర్ట్ తీసుకున్నాడు, చిరునామా కొట్టాడు, మళ్ళీ కొట్టాడు.

"ఈ వాటాలో ఒక్కరే ఉన్నారండీ. దోన్యా కసిల్దా అని. మీరు చూపించట్లేదు."

"ఆవిడ ఇవాళే పోయారు. నేను ఆవిడతోనే ఉంటున్నాను, మూడేళ్లయింది. మళ్ళీ చూడండి బాబూ, నా పేరు కొట్టి చూడండి."

కొట్టాడు. స్క్రీన్ ఆమె వైపు తిప్పాడు. "ఈ వాటాలోనే కాదండీ, ఊరి మొత్తంలోనే లేరు."

సుయాపా ఆ ఖాళీ గడిలోకి చూసింది. బూర్గోస్‌లో ఉన్న ప్రతి మనిషీ, పుట్టిన పసిగుడ్డుతో సహా, ఆ మిషన్లో ఉన్నారు. ఆవిడ పోయి నాలుగు గంటలైనా ఆవిడ ఉంది. సుయాపా లేదు. వెనకాల లైన్లో ఎవరో దగ్గారు. ఆమె పాస్‌పోర్ట్ తీసుకుని పక్కకి తప్పుకుంది.

తిరిగొచ్చేసరికి బ్లాంకా వంటింటి బల్ల దగ్గర కూర్చుని ప్రకటన రాస్తోంది. మూడేళ్ల కిందట సుయాపా సంతకం పెట్టిన బల్లే అది.

"నేను లేనట. ఊళ్ళోనే లేనట." మర్యాదలన్నీ మెట్ల మీదే వదిలేసి వచ్చింది సుయాపా. "ఆ ఫారం ఏం చేశారు సెన్యోరా?"

బ్లాంకా మొహం ఎర్రబడింది. బుకాయిస్తుందనుకుంది సుయాపా. బుకాయించలేదు, అదే ఇంకా ఘోరం. "మా తమ్ముడు వద్దన్నాడు. రిజిస్టర్లో ఒకసారి ఎక్కితే ఇక మనిషిని ఇంట్లోంచి కదిలించలేమట. టీవీలో చూస్తూనే ఉన్నాం కదా, ఊరికెళ్ళొచ్చేసరికి ఎవరో ఇంట్లో దూరి కూర్చోవడాలూ అవీ. నువ్వట్లాంటిదానివని కాదు. నీకు చెబితే బాధపడతావని చెప్పలేదు."

"మూడుసార్లు అడిగాను."

"మూడుసార్లూ నిన్ను బాధపెట్టడం నాకిష్టం లేకపోయింది."

ఆవిడ మొహంలో దొంగతనం లేదు, కపటం లేదు. పిల్లకి చేదు మందు ఇవ్వలేకపోయిన తల్లి మొహంలా ఉంది. ఈ మనిషిని ఏమని తిట్టాలో కూడా తెలియలేదు.

అప్పుడే ఫోన్ మోగింది. పేపరు ఆఫీసు వాళ్ళు, మాటర్ చెప్పమంటున్నారు. బ్లాంకా తమ్ముడి పేరు, మరదలి పేరు, మనవల పేర్లు చదివి, ఫోన్ చేత్తో మూసి సుయాపా వైపు చూసింది. "నిన్ను కూడా వేస్తున్నాను. అమ్మ మరీ మరీ చెప్పింది. అందరూ చదువుతారు. అంతకన్నా ఏం కావాలి చెప్పు?"

ఏం కావాలో సుయాపాకి ఆ క్షణంలోనే తెలిసింది. రిజిస్టర్లో లేకపోతేనేం, అచ్చులో ఉంటుంది. ఊరంతా చదివే పేపర్లో, తేదీతో సహా, ఈ ఇంటి మనుషుల కింద. "నా పేరు వేయించండి," అంది. "నా అసలు పేరు. సుయాపా మరదియాగా. మూడేళ్లుగా ఆవిడతో ఈ ఇంట్లోనే ఉందని కూడా."

"చివరి పంక్తిలో ఇంటిపేరు వెయ్యరు..."

"వేయించండి సెన్యోరా. నాకు మీరింకేం చెయ్యక్కర్లేదు."

బ్లాంకా ఆమె కళ్ళలోకి చూసి, కాదనలేక, ఫోన్లో ఒక్కొక్క అక్షరమే చెప్పింది. సుయాపా ఎదురుగా నిలబడి విన్నది. అవతలి అమ్మాయి మళ్ళీ అప్పజెప్పింది, సరిగ్గానే చెప్పింది. మూడేళ్లలో ఆ ఇంట్లో తన పేరు గట్టిగా వినబడటం అదే మొదలు.

సాయంత్రం పెట్టెతో గమోనాల్‌లో ఎంకార్నా ఇంటికి చేరింది. ఎంకార్నా తలుపు తీసి పెట్టెనీ మొహాన్నీ చూసి, ముందు గిన్నెడు పప్పు సూప్ ఎదురుగా పెట్టి తర్వాత అడిగింది. విని బల్ల మీద గుద్దింది.

"రిజిస్టర్లో ఉన్నంత మాత్రాన ఇల్లు ఎవరి సొంతమూ అవదు! ఇది కూడా తెలియదా అంత చదువుకున్న ముండకి? సర్లే, ఏడవకు. రిజిస్టరొక్కటే కాదు, వేరే ఋజువులూ ఒప్పుకుంటారు. ఇంటికి డబ్బు పంపిన రసీదులున్నాయా?"

"సెన్యోరా బ్లాంకా తన ఫోన్లోంచి పంపేది. సెలవురోజు క్యూలో నిలబడటమెందుకు, నేను పంపిస్తాలే అని."

"ఆస్పత్రి చీటీలు? జబ్బు చెయ్యలేదా మూడేళ్లలో?"

"ఒకసారి ఊపిరితిత్తులకి నెమ్ముచేసింది. సెన్యోరా వాళ్ళాయన డాక్టరు కదా, ఇంటికే వచ్చి చూశాడు. మందులు అమ్మగారి పేరు మీద రాశాడు, నాకు ఖర్చవకూడదని."

"ఫోన్?"

"సిమ్ సెన్యోరాదే."

"బస్సు పాసు?"

"అమ్మగారి పాసు వాడుకోమన్నారు. ఆవిడెలాగూ బస్సెక్కరు కదా అని."

ఎంకార్నా చెంచా కింద పెట్టేసింది. చర్చి పక్క గదిలో ఇరవై ఏళ్ల నుంచి ఇలాంటి కథలే వింటున్న మనిషి, అయినా కళ్ళు తేలేసింది. "మాద్రిద్‌లో దిగిన ముద్ర ఒక్కటే మిగిలింది నీకు. దిగింది సరే, తర్వాతెక్కడుందో ఎవరికి తెలుసు అంటారు. సరుకు దాటించేవాళ్ళకి కూడా ఇంత తెలివుండదమ్మాయ్, మనిషిని మూడేళ్లు ఇంత శుభ్రంగా మాయం చెయ్యడానికి."

"కావాలని చేసింది కాదు. మంచితనానికే చేసింది."

"అదే నన్ను చంపేస్తోంది."

మూడేళ్లలో సుయాపాకి జరిగిన ఒక్కొక్క మేలునీ తీసి చూస్తే ఒక్కొక్కదాని కింద తన పేరు తుడిచేసి ఉంది. జ్వరంలో ఆ ఇంటివాళ్ళు తాగించిన నారింజరసం కూడా గుర్తొచ్చింది. "రేపు పేపర్లో వస్తుంది," అంది. "నా పేరూ, మూడేళ్ల మాటా. నా ముందే చెప్పింది ఫోన్లో."

"అచ్చులో వస్తే అది కాగితమే," అంది ఎంకార్నా ఆలోచిస్తూ. "పెద్ద కుటుంబం స్వయంగా వేయించిన మాట. దాంతోపాటు చుట్టుపక్కల ఇద్దరి చేత సాక్షి సంతకాలు పెట్టిస్తే పోరాడొచ్చు. ముందు తిను."

బుధవారం పొద్దున్నే ఇద్దరూ బస్సులో ఊళ్ళోకి వచ్చారు. సతుర్నీనో పేపర్ల కొట్టు దోన్యా కసిల్దా ఇంటి వీధి చివరే. సుయాపా మూడేళ్లుగా రోజూ ఎనిమిదిన్నరకి అక్కడే పేపరు కొనేది. అతను టోపీ తీసి పేపరు చేతిలో పెట్టాడు. "చాలా బాధగా ఉందమ్మా ఫెలీసా. డబ్బులొద్దు, ఉంచుకో. చూశాను, నిన్ను కూడా వేశారు. మంచి కుటుంబం."

సుయాపా అక్కడే, చలిలో, పేజీలు తిప్పింది. అరపేజీ ప్రకటన. శిలువ, పేరు, కొడుకు, కూతురు, అల్లుడు, కోడలు, ఏడుగురు మనవలు. చివరి పంక్తి నల్లగా, లావుగా ఉంది.

ఆమె నమ్మకస్తురాలు ఫెలీసా.

అంతే. దాని కింద చర్చి పేరూ, టైమూ. సుయాపా వేలు పెట్టి మళ్ళీ చదివింది. ఇంకెక్కడైనా వేశారేమోనని వెనక పేజీ కూడా తిప్పింది. అక్కడ కార్ల ప్రకటన ఉంది. ఎంకార్నాయే ఆమె సంచీలోంచి ఫోన్ తీసి బ్లాంకాకి కలిపి స్పీకర్ పెట్టింది.

"ఆఁ ఫెలీసా, చూశావా? బాగా వచ్చింది కదూ?" గుసగుసగా ఉంది గొంతు, చర్చిలో ఉన్నట్టుంది. నా పేరేమైందని అడిగింది సుయాపా. "పేరా? రాత్రి తమ్ముడూ నేనూ ఆలోచించాం. సుయాపా అంటే ఎవరికి తెలుస్తుంది చెప్పు? అందరూ ఎవరీమె, ఎవరీమె అని అడుగుతారు. ఫెలీసా అంటే ఊరందరికీ తెలుసు. అమ్మ కోరిక కూడా అదే కదా. నీ గౌరవం కోసమే మార్చాం. పదకొండింటికి ప్రార్థనకి వస్తావుగా? వచ్చేటప్పుడు ఆ సిమ్ కూడా తీసుకురా, నా పేరు మీదుంది కదా, క్యాన్సిల్ చెయ్యాలి."

ఎంకార్నా ఫోన్‌లోకి నోరు తెరిచి, ఆ ఊళ్ళో చర్చికి ఇంత దగ్గర్లో అనకూడని మాట ఒకటి అని, పెట్టేసింది. తర్వాత సతుర్నీనో వైపు తిరిగింది.

"నువ్వు చెప్పవయ్యా. ఈ అమ్మాయి మూడేళ్లుగా ఇక్కడే ఉందని నీకు తెలుసు కదా? ఒక సంతకం పెడతావా?"

"తెలియకేం? ఫెలీసాని నేనెరగనా? మూడేళ్లేమిటి, నేను కొట్టు పెట్టి ముప్పై ఏళ్లు, ఫెలీసా ఆ ఇంట్లోనే ఉంది." అని నవ్వబోయి, ఇద్దరి మొహాలూ చూసి ఆపేశాడు. "అంటే... మనుషులు మారారనుకోండి. ఈమెకి ముందు ఫెలీసా పెరూ అమ్మాయి. సన్నగా ఉండేది, తల్లో నీలిరాయి పిన్ను పెట్టుకునేది. అంతకుముందు ఫెలీసా బొలీవియా నుంచి. ఆ ముందు ఇక్కడి పల్లెటూరి మనిషే, లావుగా, గట్టిగా నవ్వేది."

"వాళ్ళ అసలు పేర్లు?" అడిగింది ఎంకార్నా.

సతుర్నీనో టోపీ చేతుల్లో తిప్పాడు. నిజంగానే ఆలోచించాడు పాపం. "ఫెలీసాయే కదా. సంతకం పెట్టమంటే పెడతాను, కానీ ఈమె ఏ ఫెలీసాయో, ఎప్పట్నించో, నేను ఒట్టేసి ఎలా చెప్పను? ఒకామె వెళ్ళిన వారంలో ఇంకొకామె వచ్చేది. ఈ వీధిలో ఎవర్నడిగినా ఇంతే చెబుతారు."

సుయాపా చెయ్యి తల్లోకి వెళ్ళింది. నీలిరాయి పిన్ను చేతికి తగిలింది. మూడేళ్లుగా పెట్టుకుంటోంది, ఎవరిదో అని ఒక్కరోజూ అడగలేదు. ఆ పెరూ అమ్మాయికి పిల్లలున్నారా, ఆమె కూడా వంటింటి బల్ల మీద ఒక ఫారం సంతకం చేసిందా, ఆమెని కూడా ఇలాగే ఒక సాయంత్రం సామాన్లు సర్దుకోమన్నారా? దోన్యా కసిల్దా మంచిది, నిజంగా మంచిది. ఆ మంచి మనిషి ఇంట్లో అరవై ఏళ్లకి పైగా ఒక్క ఫెలీసాయే ఉంది. మిగిలిన ఆడవాళ్ళెవరూ అక్కడ ఒక్కరోజు కూడా లేరు. సుయాపా పిన్ను తీసి కోటు జేబులో పెట్టుకుంది. చర్చి గంటలు మొదలయ్యాయి.

"వెళ్తావా ప్రార్థనకి?" అడిగింది ఎంకార్నా.

వెళ్ళాలని ఉంది. ఆ ముసలావిడ తల ఆఖరిసారి దువ్వింది తనే. కానీ లోపల ఊరి పెద్దలంతా వరసగా వచ్చి చెయ్యి పట్టుకుని "ఫెలీసా, పాపం" అంటారు. ఆమె వాళ్ళందరికీ పలకాలి. సుయాపా అడ్డంగా తల ఊపింది.

"అయితే పద," అంది ఎంకార్నా ఆమె మోచెయ్యి పట్టుకుని. "మా ఇంటి చిరునామా మీద ఎక్కిస్తాను. కిరాయి కాగితం అడిగితే నా గుర్తింపు కార్డు వాళ్ళ మొహాన కొడతాను. మూడేళ్లు పోయాయి, నాలుగో ఏడు కూడా పోనివ్వను."

మళ్ళీ మూడేళ్లు. అప్పటికి కెయ్లీకి పన్నెండు. సుయాపా లెక్క వేసింది, వేసి ఎంకార్నా వెంట నడిచింది.

కౌంటర్లో నిన్నటి గళ్ళ స్వెటర్ కుర్రాడే ఉన్నాడు. గుర్తుపట్టి కాస్త మెత్తగా చూశాడు. ఎంకార్నా తన కార్డూ, కరెంటు బిల్లూ, సంతకం పెట్టిన అంగీకార పత్రమూ బల్ల మీద పరిచింది. అతను కొత్త ఫారం తెరిచి, వేళ్ళు మీటల మీద పెట్టి, మిషన్ వైపే చూస్తూ అడిగాడు.

"పేరు?"

"ఫెలీసా."

ఎవరో వెనక నిలబడి చెప్పినట్టు అనిపించి సుయాపా వెనక్కి తిరిగి చూసింది. వెనక ఎవరూ లేరు. ఆ మాట తన నోట్లోంచే వచ్చింది. పాస్‌పోర్ట్ తన చేతిలోనే ఉంది, అందులో పేరు తనదే ఉంది, అయినా పిలిచిన వెంటనే పలికేసింది. నోటికి చెయ్యి అడ్డం పెట్టుకుంది.

కుర్రాడు అప్పటికే సగం పేరు కొట్టేశాడు.

"చెరిపెయ్యి బాబూ," అంది సుయాపా. గొంతు తనకే కొత్తగా వినబడింది. "చెరిపెయ్యి. సుయాపా. సుయాపా మరదియాగా. ఒక్కొక్క అక్షరమే చెబుతాను, రాసుకో."

చెప్పింది. హాల్లో కుర్చీల మీద కూర్చున్నవాళ్ళు తలలెత్తి చూసేంత గట్టిగా చెప్పింది. అతను ఒక్కొక్కటే కొట్టి, స్క్రీన్ తిప్పి చూపించి, సరిగ్గా ఉందో లేదో చూసుకోమన్నాడు. చూసుకుంది.

"బూర్గోస్‌లో ఎప్పట్నించి ఉంటున్నారు?"

సుయాపా ఎంకార్నా వైపు చూసింది. ఎంకార్నా తల దించుకుంది.

"ఇవాళ్టి నించి," అంది సుయాపా.